అన్నయ్యకు తెలియకుండా దాచిన జీతం

ప్రశ్న: మాది గుంటూరు. నాన్నగారు ముప్పై ఏళ్లుగా మిర్చి యార్డులో ఒక కమీషన్ కొట్లో గుమాస్తా. అన్నయ్యకు 29 ఏళ్లు, నాకు 26. అన్నయ్య 2018లో మెకానికల్ ఇంజినీరింగ్ పూర్తిచేసి, హైదరాబాదులో ఒక చిన్న కంపెనీలో కొన్ని నెలలు ట్రైనీగా పనిచేశాడు. 2019లో గ్రామ, వార్డు సచివాలయ ఉద్యోగాల ప్రకటన రాగానే అది మానేసి వచ్చాడు. కొద్ది మార్కుల్లో పోయింది. అప్పటి నుంచి పరీక్షలే. గ్రూప్-2 ప్రిలిమ్స్ గట్టెక్కి, మెయిన్స్‌లో పోయాడు. పొద్దున్నే బ్రాడీపేటలో రీడింగ్ రూముకు వెళ్లి, నాన్నగారు పడుకున్నాకే ఇంటికి వస్తాడు. ఇద్దరూ నేరుగా మాట్లాడుకుని రెండేళ్లు దాటింది. ఏదైనా అమ్మ ద్వారానే. నేను విజయవాడ సూర్యారావుపేటలో ఒక ప్రైవేటు ఆసుపత్రి బిల్లింగ్ విభాగంలో పనిచేస్తూ రోజూ గుంటూరు నుంచి వెళ్లివస్తాను. అన్నయ్య ఫీజులకు డబ్బు నేను అమ్మకిస్తాను. నాన్నగారు ఇచ్చారని చెప్పి అమ్మ తనకిస్తుంది. ఈ సంగతి నాన్నగారికి తెలియదు. గత నెల నాకు సూపర్‌వైజరుగా ప్రమోషన్ వచ్చింది. ‘వాడి ముందు అనకు’ అన్నారు అమ్మా నాన్నా. ఇంటికి స్వీటు కూడా తీసుకెళ్లలేదు. నాకు వచ్చిన రెండు సంబంధాలు అన్నయ్య ఏం చేస్తున్నాడన్న ప్రశ్న దగ్గరే ఆగిపోయాయి. నాన్నగారికి దగ్గు ఎక్కువైతే సెలవు పెట్టి ఆసుపత్రికి తీసుకెళ్లేది కూడా నేనే. అన్నయ్య మీద కోపం వస్తుంది, ఆ తర్వాత నా మీద నాకే అసహ్యం వేస్తుంది. ఇక చాలు, మానెయ్ అని తనకు ఎలా చెప్పాలి? ప్రమోషన్ దాచడం సరైనదేనా? కొత్త టెస్ట్ సిరీస్‌కు డబ్బు కావాలని అమ్మ మళ్లీ అడుగుతోంది, ఇవ్వాలా? మొన్న రాత్రి అన్నయ్య అమ్మతో ‘నేను లేకపోయి ఉంటే చెల్లి పెళ్లి ఎప్పుడో అయ్యేది’ అన్నాడట.
— ఒక సోదరి, గుంటూరు

జవాబు: మీరు ఉత్తరం చివర ఒక్క వాక్యంలో రాసి వదిలేసిన సంగతిని నేను ముందుగా తీసుకుంటున్నాను. ‘నేను లేకపోయి ఉంటే’ అన్న మాట మన ఇళ్లలో విసుగులో వస్తుంది, అలకలో వస్తుంది, నిజంగానే బతుకు మీద ఆశ తెగిపోయినప్పుడూ వస్తుంది. మీ అన్నయ్య నోట వచ్చినది వీటిలో ఏదో ఇక్కడ కూర్చున్న నేను గానీ, ఎదురుగా ఉండి విన్న మీ అమ్మగారు గానీ ఊహించి తేల్చలేము. తేల్చుకోవడానికి ఉన్న దారి అడగడమే. ఇద్దరే ఉన్న సమయం చూసి, ‘అన్నయ్యా, చచ్చిపోవాలని అనిపిస్తోందా?’ అని తిన్నగా అడగండి. అలా అడిగితే లేని ఆలోచనను మనమే పుట్టించినట్టు అవుతుందన్న భయం చాలామందికి ఉంది గానీ, మానసిక వైద్యులు ఆ భయం నిరాధారమనే చెబుతారు. అడిగినందువల్ల ఆలోచన పుట్టదు, ఉన్న ఆలోచనను బయటపెట్టడానికి మనిషికి వీలు కలుగుతుంది. అవునన్నా, జవాబు చెప్పకుండా తల దించుకున్నా, లేక నిద్రాహారాలు బాగా తగ్గడం, పుస్తకాలూ వస్తువులూ పంచిపెట్టేయడం, ఎవరికి ఎంత ఇవ్వాలో లెక్కలు సర్దడం వంటివి మీ కంటపడినా, ఈ ఉత్తరంలో మిగిలిన విషయాలన్నీ పక్కన పెట్టి వైద్య సహాయం తీసుకోండి, అంతవరకు తనను ఒంటరిగా వదలకండి. 14416 నంబరుకు ఫోను చేస్తే కేంద్ర ప్రభుత్వం 2022 అక్టోబరులో మొదలుపెట్టిన టెలీ మానస్ సేవలో రాత్రీ పగలూ ఉచితంగా, తెలుగులోనే మాట్లాడవచ్చు. గుంటూరు ప్రభుత్వ సర్వజన ఆసుపత్రిలో మానసిక వైద్య విభాగం ఉంది. ఆసుపత్రిలో పనిచేసే మీకు నేను ఇంతకన్నా వివరించనక్కర్లేదు. ఇంట్లోవాళ్ల విషయానికి వచ్చేసరికి మనకు తెలిసినదే మనకు పనికిరాకుండా పోతుంది గనక ఇంత స్పష్టంగా రాశాను.

ఇక ప్రమోషన్ సంగతి. దాచకండి. మీ అమ్మానాన్నలు తనకు బాధ కలగకూడదనే అలా చెప్పారు, వాళ్ల ఉద్దేశాన్ని నేను తప్పు పట్టడం లేదు. అయితే ఆ జాగ్రత్త మీ అన్నయ్యకు ఏం చెబుతుందో చూడండి. చిన్న ఇంట్లో, మీరు ఇంటికి చేరే వేళ మారి, ఫోనులో మీ మాట తీరు మారి, తాను గుమ్మంలోకి రాగానే ముగ్గురి మాటలూ ఆగిపోతుంటే, ఏదో జరిగిందని తెలుసుకోవడానికి ఎవరూ తనకు చెప్పనక్కర్లేదు. ఎప్పుడో ఒకనాడు ఏ మేనత్త నోటి వెంటో తెలుస్తుంది. ఆనాడు తనకు అందే వార్త చెల్లెలికి ప్రమోషన్ వచ్చిందన్నది మాత్రమే అయి ఉండదు. చెల్లెలి సంతోషాన్ని ఓర్చుకోగల మనిషిగా తనను ఈ ఇంట్లో ఎవరూ లెక్కపెట్టలేదన్నది కూడా దానితో కలిసే అందుతుంది. ఉద్యోగం లేకపోవడం వల్ల మీ అన్నయ్యకు పోయినవి చాలా ఉన్నాయి గానీ, మీకు అన్నగా ఉండడం వాటిలో లేదు. దాన్ని ఈ దాపరికం తీసేసుకుంటోంది.

కాబట్టి తనకే చెప్పండి, ఒంటరిగా ఉన్నప్పుడు చెప్పండి. చెప్పేటప్పుడు ‘నీకూ వస్తుందిలే’ అని అతికించకండి, జీతం ఎంత పెరిగిందో తగ్గించి చెప్పకండి. తను ముఖం ముడుచుకోవచ్చు, ‘మంచిది’ అని ఒక్క మాట అని చెప్పులేసుకుని బయటికి పోవచ్చు. పోనివ్వండి. ఇరవై తొమ్మిదేళ్ల మనిషికి తన చెల్లెల్ని చూసి ఒక గంట అసూయపడే స్వేచ్ఛ ఉండాలి. ఆ గంట గడిచాక తిరిగి వచ్చి, కొత్త పని ఎలా ఉందని అడిగే అవకాశం కూడా ఆ స్వేచ్ఛలోనే ఉంది.

మీ ఉత్తరంలో నన్ను ఎక్కువసేపు నిలిపింది మాత్రం ఆ ఫీజుల ఏర్పాటు. మీరు అమ్మకిస్తారు, అమ్మ నాన్నగారి పేరు చెప్పి అన్నయ్యకిస్తుంది, నాన్నగారికి ఏదీ తెలియదు. అందరూ ప్రేమతోనే చేశారు; ఫలితం ఏమిటంటే, ఇప్పుడు మీ ఇంట్లో ఎవరు ఎవరికి ఏం చేస్తున్నారో సరిగ్గా తెలిసినవాళ్లు మీరూ అమ్మా మాత్రమే. రెండేళ్లుగా మాట్లాడని తండ్రి నెలనెలా డబ్బు మాత్రం పంపుతున్నాడని మీ అన్నయ్య నమ్ముతున్నాడు. ఆ నమ్మకాన్ని తను ఎలా అర్థం చేసుకుంటున్నాడో మనకు తెలియదు. ‘మాట లేకపోయినా నాన్న నన్ను వదిలేయలేదు’ అని దాన్ని పట్టుకుని నిలబడి ఉండవచ్చు, లేదా ‘డబ్బు పడేసి ముఖం తిప్పుకుంటున్నారు’ అని లోలోపల రగులుతూ ఉండవచ్చు. మొదటిదే నిజమైతే, నిజం చెప్పిన రోజున మీరు ఆ ఆసరాను లాగేసినట్టు అవుతుంది. అందుకే దీన్ని గొడవలో, ‘ఇన్నాళ్లూ నీకు డబ్బు ఇచ్చింది ఎవరనుకున్నావు’ అని దెప్పిపొడుపుగా బయటపెట్టే పరిస్థితి రానివ్వకండి. ఈ మాట చెప్పవలసినది మీ అమ్మగారు. ముందు నాన్నగారికి, ఆ తర్వాత అన్నయ్యకు, తాను ఎందుకు అలా చేసిందో కారణంతో సహా చెప్పాలి. అది ఆమెకు కష్టం. తండ్రీకొడుకుల మధ్య రెండేళ్లుగా మాటలు మోసిన మనిషికి, ఈ ఇద్దరూ తన మీదే విరుచుకుపడతారన్న భయం ఉండడం సహజం. కాబట్టి ఆ రెండు సందర్భాల్లోనూ మీరు ఆమె పక్కన ఉండండి.

‘పగలంతా ఖాళీయే, ఇంటి పని ఒక్కటీ అందుకోడు’ అన్న మాట ఇటువంటి ఇళ్ల నుంచి వచ్చే ఉత్తరాల్లో తరచు కనిపిస్తుంది. మీరు రాయలేదు గానీ, నాన్నగారి ఆసుపత్రి ప్రస్తావనలో ఆ ధ్వని ఉంది. దీని మీద పాత అధ్యయనం ఒకటి చెప్పాలి. ఆస్ట్రియాలో వియన్నాకు దగ్గరలో మారియెంతాల్ అనే చిన్న ఊరు ఒక బట్టల మిల్లు మీదే బతికేది. 1929-30 ప్రాంతంలో ఆ మిల్లు మూతపడి ఊరంతా నిరుద్యోగులైనప్పుడు, మరీ యహోదా అనే యువ మనస్తత్వ శాస్త్రవేత్త, ఆమె సహచరులు అక్కడికి వెళ్లి జనం ఎలా బతుకుతున్నారో దగ్గరగా చూశారు. కావలసినంత తీరిక దొరికింది కదా, గ్రంథాలయం నిండి ఉంటుందని ఎవరైనా అనుకుంటారు. అరువు తీసుకునే పుస్తకాల సంఖ్య సుమారు సగానికి పడిపోయింది. మగవాళ్లు వీధిలో నడుస్తూ మాటిమాటికీ ఆగిపోయేవారు, ఆ రోజు ఏం చేశారని అడిగితే సరిగ్గా చెప్పలేకపోయేవారు. ఆడవాళ్లకు వంటా, పిల్లలూ, ఇంటి పనీ ఉండడంతో వాళ్ల రోజు అంతగా చెదిరిపోలేదు. యహోదా తర్వాతి కాలంలో తేల్చినది ఏమిటంటే, పని మనిషికి జీతంతో పాటు రోజుకొక క్రమాన్ని, ఇంటి బయటి మనుషులను, నలుగురితో కలిసి చేసే ఒక ప్రయోజనాన్ని, సంఘంలో ఒక హోదాను, చేతికి వ్యాపకాన్ని ఇస్తుందని. పని పోయినప్పుడు ఇవన్నీ ఒక్కసారే పోతాయని.

మీ అన్నయ్య విషయంలో ఇది కొంత సరిపోతుంది, కొంత సరిపోదు. రీడింగ్ రూము తనకు వేళను, తనలాంటి మనుషులను ఇచ్చింది. ఇంట్లో అందరికీ అది డబ్బు తగలేసే చోటుగా కనిపిస్తున్నా, తను ఇన్నేళ్లు నిలదొక్కుకోవడానికి అది కూడా ఒక కారణం అనే నేను అనుకుంటున్నాను. కానీ అక్కడి మనుషులందరూ అదే నిరీక్షణలో ఉన్నవాళ్లు. బయటి ప్రపంచం ఎలా కదులుతోందో అక్కడ వినిపించదు. అలాగే, నాన్నగారిని ఆసుపత్రికి తీసుకెళ్లకపోవడాన్ని పూర్తిగా మనోవ్యథ ఖాతాలో వేయడానికి నేను సిద్ధంగా లేను. అందులో కొంత అలవాటు ఉంది. చదువుకుంటున్న మగపిల్లవాడిని ఏ పనికీ కదిలించకూడదన్న మన ఇళ్ల అలవాటు ఇరవై ఏళ్ల వయసులో మొదలై, తొమ్మిదేళ్లు పొడిగింపు పొందింది.

‘మానెయ్’ అని ఎలా చెప్పాలని అడిగారు. ఆ మాట అనకముందు, తను ఎందుకు మానలేకపోతున్నాడో కొంచెం చూడాలి. 2019 జూలైలో సచివాలయ ఉద్యోగాల ప్రకటన వచ్చింది, సెప్టెంబరు మొదట్లో పరీక్షలు జరిగాయి, అక్టోబరు 2న వ్యవస్థ మొదలైంది. లక్షకు పైగా పోస్టులు మూడు నెలల్లో భర్తీకి వచ్చాయి. తన వయసు వాళ్లు, పక్క బెంచీ వాళ్లు కళ్లముందే ఉద్యోగస్థులయ్యారు. ఆ వేగం చూసిన తరం ఇది. ఆ తర్వాత చూసినదేమో మరొకటి. 2023 డిసెంబరులో గ్రూప్-2 ప్రకటన వచ్చింది, 2024 ఫిబ్రవరి 25న ప్రిలిమ్స్ జరిగింది, మెయిన్స్ ఆ జూలై నుంచి 2025 జనవరికి, జనవరి నుంచి ఫిబ్రవరి 23కి వాయిదా పడింది. కానిస్టేబుల్ ఉద్యోగాలకు 2022 నవంబరులో ప్రకటన ఇచ్చి, 2023 జనవరిలో ప్రిలిమినరీ పెట్టి, తుది రాత పరీక్షను 2025 జూన్‌లో నిర్వహించారు. తేదీ వాయిదా పడిన ప్రతిసారీ అభ్యర్థికి ఓడిపోయానన్న కబురు రాదు, మరి కొన్నాళ్లు చదవమన్న కబురు వస్తుంది. ఏళ్లు గడిచింది ఇలాగే. పైగా ఆ 2023 గ్రూప్-2 ప్రకటనలో సాధారణ వర్గాలకే 42 ఏళ్ల వరకు అర్హత ఇచ్చారు. ఎప్పుడు ఆగాలో ప్రభుత్వం చెప్పదు, కోచింగ్ సెంటరు అసలే చెప్పదు.

ఇంకొక మాట మీ అన్నయ్యకు ఎవరో ఒకరు చెప్పాలి, అది మీరే కానక్కర్లేదు. ప్రిలిమ్స్ గట్టెక్కడం తన దృష్టిలో గమ్యానికి చేరువగా రావడం. ఆ పరీక్షలో 905 పోస్టులకు 4.8 లక్షల మందికి పైగా దరఖాస్తు చేశారు, మెయిన్స్‌కు 92,250 మందిని తీసుకున్నారు. అంటే మెయిన్స్ హాల్లో కూర్చున్నప్పటికీ ఒక్కో పోస్టుకు దాదాపు వంద మంది మిగిలే ఉన్నారు. అక్కడిదాకా రావడం తెలివికి రుజువే. మరొక ప్రయత్నంలో ఉద్యోగం వచ్చితీరుతుందనడానికి మాత్రం రుజువు కాదు. ఈ తేడా తనకు తెలియదని నేను అనుకోను. అర్థరాత్రి ఇంటికి వస్తూ తను లెక్కించుకునేది బహుశా దీన్నే.

ఇప్పుడు నేను మీకు ముఖ్యంగా చెప్పదలచుకున్న దానికి వస్తాను. అంతర్జాతీయ కార్మిక సంస్థ, ఢిల్లీలోని మానవాభివృద్ధి సంస్థ కలిసి 2024లో ఇచ్చిన నివేదిక ప్రకారం, 2022లో మన దేశ యువతలో చదవడం రాయడం రానివారిలో నిరుద్యోగం 3.4 శాతం ఉంటే, డిగ్రీ ఆపైన చదివినవారిలో అది 29.1 శాతం. చదువు లేనివాడికి ఉద్యోగాలు ఎక్కువ దొరుకుతున్నాయని దీని అర్థం కాదు. పని లేకుండా ఒక్క వారం కూర్చుంటే వాడి ఇంట్లో పొయ్యి వెలగదు గనక, దొరికిన కూలికి పోతాడు, లెక్కల్లో నిరుద్యోగిగా కనిపించడు. చదివినవాడు తన చదువుకు తగిన పని కోసం ఆగగలుగుతాడు, ఎందుకంటే ఇంట్లో ఎవరో ఆ ఆగడానికి ఖర్చు పెడుతున్నారు. మీ ఇంట్లో ఆ ఖర్చు నాన్నగారి గుమాస్తా జీతం, మీ ఆసుపత్రి జీతం, అమ్మగారి అబద్ధం, వాయిదా పడుతున్న మీ పెళ్లి. నిరీక్షణకు పెట్టుబడి పెడుతున్నవాళ్లు మీరు. పెట్టుబడి పెట్టినవాళ్లకు షరతులు అడిగే హక్కు ఉంటుంది. కానీ పెట్టుబడినే దాచిపెట్టారు కాబట్టి మీలో ఎవరూ నోరు విప్పి అడగలేకపోతున్నారు, అడగలేనిది కాస్తా కోపంగానూ, మౌనంగానూ, గుమ్మం దగ్గర ఆగిపోయే మాటలుగానూ బయటపడుతోంది.

అందుకని ‘మానెయ్’ అనడం కంటే ‘ఎప్పటివరకు?’ అని అడగడం మేలు. జవాబు తన నోటి నుంచే రావాలి: రాబోయే ఏ ఒక్క ప్రకటన వరకు, లేదా ఏ నెల వరకు, ఆలోగా ప్రకటన రాకపోతే, వచ్చి వాయిదా పడితే ఏం చేస్తాడు, ఆ గడువు దాటాక మొదటి నెలలో ఎక్కడికి వెళ్తాడు. వాయిదాల ప్రశ్నను తప్పకుండా అడగండి, ఎందుకంటే తను ఇన్నాళ్లూ పెట్టుకున్న గడువులన్నీ అక్కడే కరిగిపోయి ఉంటాయి. ఎవరి బలవంతమూ లేకుండా తను పెట్టుకున్న గడువుకు మీరు కూడా కట్టుబడి ఉండాలి. ఆ లోపల రోజూ ‘ఏమైంది’ అని అడగకూడదు.

గడువు తర్వాతి దారి గురించి కొంచెం నిష్ఠురంగానే చెప్పాలి. 2018లో చదువు ముగించి, కొన్ని నెలల అనుభవం మాత్రమే ఉన్న మెకానికల్ ఇంజినీరుకు, ఇప్పుడే కళాశాల నుంచి వస్తున్నవాళ్ల వరసలో చోటు దొరకడం కష్టం. మొదటి జీతం మీ జీతం కంటే తక్కువగానే ఉంటుందని తనూ, నాన్నగారూ ముందే ఒప్పుకోవాలి. లేకపోతే వచ్చిన మొదటి అవకాశం ‘ఇంత చదివింది దీనికా’ అన్న ఒక్క మాటతో పోతుంది. విజయవాడ ఆటోనగర్‌లో లారీ బాడీలు కట్టే షెడ్లు, విడిభాగాల దుకాణాలు, వాహన కంపెనీల సర్వీసు కేంద్రాలు ఉన్నాయి. ఇంజను గురించి తెలిసి, కస్టమరుతో మర్యాదగా మాట్లాడి, కంప్యూటరులో బిల్లు రాయగల మనిషి అక్కడ అడిగి చూడవచ్చు. రోజూ విజయవాడ వెళ్లివస్తున్న చెల్లెలితో పాటు అదే బస్సులో వెళ్లవచ్చు కూడా. ఆరేళ్లుగా పాలిటీ, ఎకానమీ, అరిథ్‌మెటిక్ చదివినవాడు వాటిని సాయంత్రాలు ఇతరులకు చెప్పవచ్చు. గడువు లోపలే వారానికి కొన్ని గంటలు అలా చెప్పడం మొదలుపెడితే చేతికి సొంత డబ్బు వస్తుంది, ఆ డబ్బు ఎంత తక్కువైనా ఇంట్లో తన గొంతు మారుతుంది. అయితే, పరీక్షల ప్రపంచం విడిచిపెట్టకుండా ఉండడానికే కొందరు బోధనలో ఉండిపోతారన్న సంగతి కూడా గుర్తుంచుకోండి.

నాన్నగారి గురించి మీరు తక్కువ రాశారు. ముప్పై ఏళ్లు ఇతరుల లెక్కలు రాసిన మనిషికి తన ఇంటి లెక్క కుదరకపోవడం ఎంత బాధగా ఉంటుందో ఊహించగలను. ఆయన కాలంలో ఎవరో పెద్దమనిషి ఒక మాట చెబితే కొట్లో చేరారు. పని నేర్చుకున్నారు, మిగిలిపోయారు. చదువుకున్న కొడుక్కి అలాంటి ఒక్క మాట చెప్పించలేకపోవడం ఆయనకు తన చేతకానితనంగానే తోస్తూ ఉండవచ్చు. నోరు తెరిస్తే ఏం అనేస్తానో అన్న భయం కూడా ఆయన మౌనంలో ఉండి ఉంటుంది. సీజనులో ఆయన పొద్దున్నే వెళ్లి రాత్రికి వస్తారు కాబట్టి సర్దుకుపోతుంది. వేసవిలో యార్డుకు సెలవులిచ్చి ఆయన రోజులతరబడి ఇంట్లో ఉన్నప్పుడే ఇద్దరికీ ఊపిరాడదు. ఆయన్ను కొడుకుతో కూర్చుని మనసు విప్పమని చెప్పడం వల్ల ప్రయోజనం లేదు, ఆ తరం తండ్రులు అలా మాట్లాడరు. ఇద్దరికీ కలిపి ఒక పని పెట్టండి. వచ్చే నెల నాన్నగారిని దగ్గు పరీక్షకు మీ అన్నయ్య తీసుకెళ్లాలి. ‘నాకు కొత్త బాధ్యతలు వచ్చాయి, సెలవు దొరకదు, నువ్వు వెళ్లు’ అని మీరు సూటిగా చెప్పండి. అది నిజం కూడాను. ఓపీ చీటీ రాయించడం, వరసలో కూర్చోవడం, డాక్టరు అడిగితే ఎన్నాళ్లుగా దగ్గుతున్నారో చెప్పడం, మందులు ఎప్పుడు వేసుకోవాలో తిరిగి వస్తూ గుర్తుచేయడం, వీటికి మాట్లాడక తప్పదు. ఆ మాటల్లో ఉద్యోగం ఊసు ఉండదు. మీ ఇంట్లో ఇప్పుడు కావలసినవి అటువంటి మాటలే.

మీ కోపం గురించి ఇంత ఆలస్యంగా రాస్తున్నానని నొచ్చుకోకండి. ఇరవై ఆరేళ్ల వయసులో ఉదయం బస్సు ఎక్కి, రాత్రి దిగి, ఇంటి ఖర్చులో భాగం పంచుకుని, పేరు లేకుండా డబ్బిచ్చి, సాధించినదాన్ని తప్పు చేసినట్టు దాచుకుంటున్న మనిషికి కోపం రాకపోతేనే ఆశ్చర్యపడాలి. అన్నయ్య మీద ప్రేమ ఉన్నందువల్ల ఆ కోపం చెల్లకుండా పోదు, కోపం ఉన్నందువల్ల ప్రేమా పోదు; అసహ్యించుకోవలసినది ఇందులో ఏమీ లేదు. ఆ కోపాన్ని కొంత తగ్గించే పని ఒకటి మీ చేతిలోనే ఉంది. పెరిగిన జీతంలో ఒక భాగం మీ పేరున, మీకోసం, ఎవరికీ లెక్క చెప్పనక్కర్లేని విధంగా పెట్టుకోండి. ఇంటికి ఇచ్చేది ఎంతో ఒక మొత్తంగా నిర్ణయించి, దాన్ని అందరి ముందూ చెప్పి ఇవ్వండి.

పెళ్లి విషయం ఇంకా సూటిగా చెబుతాను. మీ పెళ్లిని అన్నయ్య ఉద్యోగానికి ముడిపెట్టడం నాన్నగారు మానుకోవాలి, ఆ మాట ఆయనతో మీరే అనవలసి ఉంటుంది. సంబంధం వాళ్లు అడిగితే ‘పరీక్షలకు చదువుతున్నాడు, ఇంకా ఉద్యోగం రాలేదు’ అని దాచకుండా చెప్పనివ్వండి. దాని దగ్గర ఆగిపోయేవాళ్లు ఆగిపోనీ. మీ అన్నయ్య నోట వచ్చిన ఆ చివరి మాట చూస్తే, ఈ ముడి తన మెడకు ఎంత బిగిసి ఉందో తెలుస్తూనే ఉంది. ‘నా పెళ్లి నీకోసం ఆగలేదు, ఆగదు’ అని మీరు తనతో అనగలిగితే మీ ఇద్దరికీ బరువు దిగుతుంది.

టెస్ట్ సిరీస్ డబ్బు ఈసారి ఇవ్వండి. అమ్మ చేతికి కాకుండా, ముందు అమ్మగారికి చెప్పి, ఆమె పైన చెప్పిన సంగతి ఇంట్లో బయటపెట్టాక, అన్నయ్య చేతికే ఇవ్వండి. దానికి షరతు ఏదీ పెట్టకండి. గడువు మాట కూడా ఆ రోజు ఎత్తకండి, ఎత్తితే డబ్బిచ్చి జవాబు కొనుక్కున్నట్టు ఉంటుంది. వారం పది రోజులు ఆగి, ప్రమోషన్ కబురు తనకు సర్దుకున్నాక, సెలవు రోజున తనతో పాటు బ్రాడీపేట దాకా నడిచి అప్పుడు అడగండి. అమ్మగారు ఒప్పుకోకపోతే ఈ జవాబు ఆమెకు చదివి వినిపించండి, నాలుగు రోజులు ఆలోచించుకోనివ్వండి. అప్పటికీ కాదంటే నాకు మళ్లీ రాయండి. ‘చచ్చిపోవాలని అనిపిస్తోందా’ అన్న ప్రశ్నకు మాత్రం ఆమె ఒప్పుకోలు కోసం ఆగకండి, ఈ రాత్రే అడగండి.